ముందు సంతకం, తర్వాత రాత

మినిట్స్ పుస్తకం జిరాక్సును లాయరు రవికిరణ్ మూడోసారి తిరగేశాడు.

"ఇది మీ చేతిరాత కాదు కదా?"

"కాదండి. సంతకాలు మాత్రం మా వాళ్లవే. నలభై మూడూ," అంది ఎస్తేరు. పొద్దుట్నుంచి ఆ బల్ల ముందు కూర్చుని ఆమెకు కాళ్లు తిమ్మిరెక్కాయి. తెచ్చుకున్న అన్నం డబ్బా సంచిలో అలాగే ఉంది.

బోరబండలోని ఓ మహిళా కార్మిక సహకార సంఘానికి ఎస్తేరు పదకొండేళ్లుగా గుమస్తా. హైటెక్ సిటీలో రెండు అద్దాల భవనాలను తుడిచే కాంట్రాక్టు ఆ సంఘానిది. కూలీలే యజమానులని బోర్డు మీద పెద్దక్షరాలతో రాసి ఉంటుంది. ఆ యజమానులు తెల్లవారకముందే లేచి ఇంకొకరి మరుగుదొడ్లు కడుగుతారు, అది వేరే సంగతి. కమిటీ గడువు తీరాక ఎన్నికలు పెట్టలేదు. పైనుంచి ఒక ఆర్డరు వచ్చింది, ప్రశాంత్ అనే సహకార శాఖ ఇన్‌స్పెక్టర్ ఇన్‌చార్జిగా వచ్చి కూర్చున్నాడు. కాంట్రాక్టును ప్రైవేటు ఏజెన్సీకి ఇస్తున్నట్టు తీర్మానం రాయమన్నాడు. సభ్యులు కూర్చుని ఒప్పుకోకుండా రాయనంది ఎస్తేరు.

పదిహేను రోజులకు ఇంకో ఆర్డరు. శాఖ ముందస్తు అనుమతి లేదు కాబట్టి ఆమె నియామకమే చెల్లదట. పదకొండేళ్లుగా ఎవరికీ పట్టని అనుమతి ఆ పక్షం రోజుల్లోనే గుర్తొచ్చింది, ఎంత శ్రద్ధో!

ఎస్తేరు కోర్టుకెళ్లింది. నోటీసు ఇవ్వకుండా తీసేయడం తప్పని హైకోర్టు ఆ ఆర్డరును కొట్టేసింది. ఆ రోజు సంఘం సభ్యురాలు సత్తెమ్మ ఆఫీసులో అందరికీ బూందీ పంచింది. అయితే తీర్పు చివర ఒక వాక్యం ఉంది. చట్టప్రకారం మళ్లీ చర్య తీసుకోవడానికి అధికారులకు అడ్డేమీ లేదని. బూందీ తింటూ దాన్నెవరూ చదవలేదు. ఇప్పుడు నోటీసు పద్ధతిగానే వచ్చింది, జవాబుకు వారం గడువుతో. ఎస్తేరును తొలగించాలని సర్వసభ్య సమావేశం ఏకగ్రీవంగా తీర్మానించిందని, ఇదిగో సంతకాలని, జిరాక్సు జతచేశారు.

"అలాంటి మీటింగే జరగలేదండి. అవి ఖాళీ పేజీ మీద పెట్టిన సంతకాలు."

"ఖాళీ పేజీ మీద ఎందుకు పెట్టారు?"

ఎస్తేరు తల వంచుకుంది. చెప్పక తప్పలేదు. పొద్దున అయిదున్నరకు పనికి తీసుకెళ్లే వ్యాన్ వస్తుంది. అది తప్పిపోతే సగం రోజు కూలి పోయినట్టే. మీటింగులో అన్నీ రాసి, చదివి వినిపించేంత వ్యవధి ఎక్కడిది? అందుకని ఆమే ఒక అలవాటు చేసింది. ముందు సంతకం, తర్వాత రాత. ఆడవాళ్లు వరుసగా సంతకాలు పెడుతూ మాట్లాడుకునేవారు, వాళ్లు అనుకున్నది ఆమె తీరిగ్గా రాసేది. ఒక్క అక్షరం మార్చి ఎరగదు. కానీ ఇన్‌చార్జికి అప్పగించేనాటికి పుస్తకం చివర సంతకాలున్న ఒక పేజీ ఏమీ రాయకుండా ఉండిపోయింది.

"సరే, జవాబులో అదే రాద్దాం. మీ నియామకపు తీర్మానం మాత్రం రాసిన తర్వాతే సంతకాలు పెట్టారు కదా?"

ఎస్తేరు అన్నం డబ్బా సంచిని ఒళ్లోకి లాక్కుంది.

"అదీ అంతేనండి. నేనే రాశాను."

రవికిరణ్ పెన్ను మూత పెట్టేశాడు. "ఖాళీ పేజీ అంటే మీ ఉద్యోగానికే ఆధారం పోతుంది. కాదంటే ఈ తీర్మానం నిలబడుతుంది. ఇక ఒక్కటే దారి. ఇవి తమ సంతకాలు కావని ఆ ఆడవాళ్లు చెప్పాలి. చెప్పిస్తారా?"

బస్సులో తిరిగి వస్తున్నంతసేపూ ఎస్తేరుకు ఆ మాటే. సత్తెమ్మకు పేరు రాయడం నేర్పింది తనే. పలక మీద నాలుగు నెలలు దిద్దించింది. ఆ సంతకం నాది కాదని ఇప్పుడు ఆమె చేత ఎలా చెప్పించాలి? ఆలోచించినందుకే ఎస్తేరుకు సిగ్గేసింది.

మర్నాడు తెల్లవారుతుండగా సంఘం ఆఫీసుకు వెళ్లేసరికి ప్రశాంత్ అప్పటికే వచ్చి ఉన్నాడు. బల్ల మీద ఒక తెల్ల కాగితం. ఆడవాళ్లు వరుసకట్టి నిలబడ్డారు, ముందు సత్తెమ్మ. బయట వ్యాన్ ఇంజన్ ఆగకుండా నడుస్తోంది.

"జల్దీ పెట్టుర్రి. మ్యాటర్ నేను తర్వాత రాసుకుంట," అంటున్నాడు ప్రశాంత్. "మీ ఎస్తేరమ్మ అలవాటు చేసిందే గదా."

ఎస్తేరు గుమ్మంలోనే నిలబడిపోయింది. సత్తెమ్మ వైపు తిరిగి చెప్పింది. "నిజమే, నేనే చేశాను. తప్పు చేశాను సత్తెమ్మక్కా. నన్ను తీసేయమని మీరు సంతకం పెట్టినట్టు ఆ పుస్తకంలో రాసుకున్నారు. మీరు పెట్టింది ఖాళీ పేజీ మీదేనని నోటీసు జవాబులో రాసిస్తాను. నా నియామకం కూడా అలాగే జరిగిందని రాసిస్తాను."

"గట్ల రాస్తే నీ నౌకరి పోతదమ్మా," అన్నాడు ప్రశాంత్, ఎంతో దయగా.

"తెలుసండి."

సత్తెమ్మ ఎస్తేరును చూసింది, కాగితాన్ని చూసింది. చేతిలో పెన్ను అలాగే ఉంది.

"సారూ, ఈ కాగితంల ఏం రాస్తవో ఇప్పుడే రాయి. రాసి సదువు. నేను ఇంట."

"వ్యాన్ పోతది సత్తెమ్మా. సగం రోజు కూలి పోతది."

"పోనీ."

సంతకం పెట్టకుండానే పెన్నును కాగితం పక్కన పెట్టేసి ఆమె బల్ల ముందే కింద కూర్చుంది. వరుసలో ఆమె వెనకాల ఉన్న స్వప్న కూడా కూర్చుంది. మిగిలినవాళ్లు వ్యాన్ వైపు చూస్తూ నిలబడే ఉన్నారు. డ్రైవర్ హారన్ కొట్టాడు.