అలేసియా ఆగిన చోట

కిరీటి ఆన్‌లైన్ మీటింగులో క్లయింటు పేరు మర్చిపోయి, కెమెరాకి కనపడకుండా ఎడమచేతి వేలు పైకెత్తాడు. వంటింట్లో దోసకాయ తరుగుతున్న నేను గొంతు తగ్గించి "మార్గరెట్" అన్నాను. "యెస్, మార్గరెట్," అని నవ్వుతూ కొనసాగించాడు. నా భర్త ఇంటినుంచి పనిచేయడం మొదలుపెట్టిన ఈ నాలుగేళ్లలో అతని టీములో ఎవరు ఎందుకు అలుగుతారో, ఏ పని ఏ నెలకి తేలాలో అన్నీ నాకు కంఠతా వచ్చేశాయి. మా అత్తగారు చాముండేశ్వరి డాక్టరు దగ్గర మందు పేరు తడుముకుంటే నేనే అందించాలి. ఫోనులో బంధువు పేరు తట్టకపోయినా నావైపే చూస్తారు. "ఇన్ని ఎలా గుర్తుంటాయే నీకు?" అని ఆవిడ ఆశ్చర్యపోతే, కిరీటి ల్యాప్‌టాప్‌లోంచి తలెత్తకుండా "తనకి వేరే టెన్షన్లు ఏమున్నాయమ్మా?" అన్నాడు. ఆ రోజు పొద్దున్న ఆరింటినుంచి రెండింటిదాకా వేర్‌హౌస్‌లో నిలబడి నాలుగు వందల పెట్టెలకి టేపు వేసి వచ్చాను. అది టెన్షన్ కాదు కాబట్టి దోసకాయ తరుగుతూ ఉండిపోయాను.

అందించడం నాకు పదేళ్లప్పుడు అబ్బిన విద్య. గుడివాడలో మా నాన్న నాటక సమాజం నడిపేవారు. ఆడపిల్ల స్టేజీ ఎక్కితే నలుగురూ ఏమంటారో అని నన్ను సైడు వింగులో నిలబెట్టి చేతిలో స్క్రిప్టు పెట్టారు. "ఎవడైనా ఆగాడంటే మర్చిపోయాడనే లెక్క. రెండు సెకన్లు దాటితే ఈలలు పడతాయి. మొదటి రెండు ముక్కలూ అందించెయ్, మిగతాది వాడే లాక్కుంటాడు." పెళ్లయ్యేదాకా ఆ సమాజానికి ప్రాంప్టర్ని నేనే. బహుమతులు వచ్చిన నాటకాల ఫొటోలు ఇప్పటికీ ఉన్నాయి. ఒక్కదాంట్లోనూ నేను లేను.

అలేసియాతో పరిచయం కూడా ఈ విద్య వల్లే. వాన్ అనే ఊళ్లోని మా వేర్‌హౌస్‌లో ప్యాకింగ్ టేబుల్‌కి అవతలివైపు ఆమె. బెలారస్ నుంచి వచ్చింది. యాభై ఎనిమిదేళ్లు, పొడుగాటి మనిషి. లంచ్ బ్రేక్‌లో కాగితాలు బోర్లించి, కళ్లు మూసుకుని, ఇంగ్లిష్‌లో ఏదో గొణుక్కునేది. ఒకరోజు ఆ కాగితాలు నావైపు తోసి "తప్పు పోతే చెప్పు" అంది. ఆమె ఆగిన మొదటి చోటే రెండు మాటలు అందించాను. అందుకుని సాగిపోయింది. మళ్లీ ఆగింది. మళ్లీ అందించాను. కళ్లు తెరిచి నన్ను కొత్తగా చూసింది.

"ఎక్కడ నేర్చుకున్నావు హైమా? ఈ పని తెలిసినవాళ్లు నాకు ఇక్కడ ఒక్కరూ దొరకలేదు. మాటలు అందించడానికి చెవిలో మెషీన్ పెడతామంటున్నారు."

ఆ మధ్యాహ్నం పార్కింగ్‌లో కారులోనే కూర్చుని ఫోనులో ఆమె పేరు వెతికాను. కిరీటం పెట్టుకున్న రాణి. మంచులో దళసరి కోటు వేసుకుని కెమెరా వెనక నిలబడ్డ దర్శకురాలు. తీగల వాద్యం మీదికి వంగి, రెండు సన్నటి కర్రలతో వాయిస్తున్న మనిషి. మూడు ఫొటోల్లోనూ అవే కళ్లు. నా టేపు అయిపోతే తన టేపు నావైపు దొర్లించేది ఈవిడేనా? ఇంటికి గంట ఆలస్యంగా వెళ్లాను. ఈ దేశం వచ్చిన పదేళ్లలో మొదటిసారి ఎందుకు ఆలస్యమైందో ఇంట్లో చెప్పలేదు.

తర్వాత ఒక్కో బ్రేక్‌లో ఒక్కో ముక్క చెప్పింది. మిన్స్క్‌లో పెద్ద థియేటర్లో ఇరవై ఏడేళ్లు నటించిందట. మొహంలో లేతదనం లేదని ఇరవై మూడేళ్లకే ముసలి తల్లి వేషాలిచ్చారట. అసలు ముసలివాళ్లు ఎలా కూర్చుంటారో చూడ్డానికి రోజల్లా ట్రాముల్లో తిరిగేదట. నలభైలో దర్శకత్వం చేస్తానంటే "ఆడవాళ్లకి పిల్లల నాటకాలున్నాయిగా" అన్నారట. సరేనని కుందేళ్లనీ నక్కల్నీ పెట్టి ఏడేళ్లు కొత్త సంవత్సరం నాటకాలు ఆడించింది. మూడు వందల మంది అల్లరి పిల్లల్ని కదలకుండా కూర్చోబెట్టగలిగాక పెద్దవాళ్లెంత అంటుంది. ఆ తర్వాత అరువు కెమెరాతో అమ్మమ్మ వంటగదిలో సినిమా తీసింది. సంగీతం చేయడానికి ఎవరూ రాకపోతే అమ్మమ్మ అటక మీది త్సింబలి కిందికి దించింది. అది మన సంతూర్ లాంటిది. పక్కింటి ముసలాయన దగ్గర రెండు చలికాలాలు కూర్చుని నేర్చుకుంది. ఆ సినిమా నాలుగు దేశాలు తిరిగింది, పాటలు ఆల్బమ్‌గా వచ్చాయి. దేశంలో గొడవలైన ఏడాది తోటి నటుల్ని తీసేస్తే తనూ రాజీనామా రాసిచ్చింది. మర్నాటికి లాబీలో ఆమె ఫొటో ఉన్నచోట మేకు మాత్రం మిగిలింది.

"నటన ప్రేమతో పట్టుకున్నాను. దర్శకత్వం కోపంతో. సంగీతం, ఎవరూ రాలేదు కాబట్టి," అంది పెట్టె మీద టేపు సర్రున లాగుతూ.

కాదన్న ప్రతిచోటా ఆమె ఇంకో విద్య నేర్చుకుంది. నన్ను కాదన్న ప్రతిచోటా నేను ఇంకో కూర నేర్చుకున్నాను.

థియేటర్లో రాజుల వేషాల బట్టలు ఉతికే మనిషి గురించి అలేసియా ఒక నాటకం రాసుకుంది, లంచ్‌లో గొణుక్కునేది అదే. నటన, దర్శకత్వం, సంగీతం అన్నీ తనే. మార్చిలో మాకు దగ్గర్లోనే ఉన్న నార్త్ యార్క్‌లోని ఒక చర్చి హాల్లో శనివారం మధ్యాహ్నం ఒక్క షో. ఏప్రిల్లో దూరాన ఉన్న సస్కటూన్‌లో మూడు వారాలు. "ఇంగ్లిష్ నాకు నాలుగో భాష. జారిపోతుంది. నార్త్ యార్క్‌లో మనిద్దరికీ కుదిరితే సస్కటూన్‌కీ నువ్వే రావాలి."

ఇంట్లో చెప్పాను. కిరీటి పగలబడి నవ్వాడు. "గుసగుసలాడ్డానికి ఫ్లైట్ ఎక్కుతావా?" అత్తగారూ నవ్వారు. "మూడు వారాలే! మేమేం తినాలే తల్లీ?" వెళ్లొద్దని ఎవరూ అనలేదు. వెళ్తానని వాళ్లకి నమ్మకం లేదు, అంతే.

రిహార్సల్లో తప్పు చేశాను. చాకలి మనిషి, ఉద్యోగం పోయిన నటుడి చొక్కా చేతిలోకి తీసుకుని కాలరు దగ్గర పేరు వెతుకుతుంది. అక్కడ అలేసియా ఆగింది. రెండు సెకన్లు. నా నోరు దానంతటదే అందించేసింది. ఆమె చొక్కా కింద పెట్టింది.

"నేను మర్చిపోలేదు హైమా. అది నేను చేసిన నిశ్శబ్దం. దాన్ని తయారుచేయడానికి నాకు ముప్పై ఏళ్లు పట్టింది."

సిగ్గుతో చచ్చిపోయాను. "ఏది మర్చిపోవడమో, ఏది నిశ్శబ్దమో నాకెలా తెలుస్తుంది?"

నా చెయ్యి తీసి తన వీపు మీద పెట్టుకుంది. "మర్చిపోతే ఊపిరి ఆగుతుంది. ఆ నిశ్శబ్దం నాదే అయితే ఊపిరి నడుస్తుంది. మాటలు చూడకు. నన్ను చూడు."

నన్ను చూడమని ఎవరైనా అంటే వాళ్లకి ఏం కావాలో చూడమనే అనుకునేదాన్ని. మనిషి ఊపిరిని చూడటం కూడా ఒక పనేనని నలభై నాలుగేళ్లకి తెలిసింది. నాన్న పెట్టిన రెండు సెకన్ల లెక్క ఎన్నేళ్లుగా నడిపాను! ఇంట్లో ఎవరు ఆగినా నేను పరిగెత్తాను. నేను ఆగితే మాత్రం, అక్కడ ఖాళీ ఉందనుకుని వాళ్లు మాట్లాడేసేవారు.

శనివారం హాలు నిండింది. ఇంట్లో పొద్దుపోక అత్తగారు నాతో వచ్చి మూడో వరసలో కూర్చున్నారు. నేను నల్ల తెర పక్కన, మోకాళ్ల మీద స్క్రిప్టు. చొక్కా సీను వచ్చింది. అలేసియా ఆగింది. రెండు సెకన్లు. అయిదు. పది. రిహార్సల్లో ఎప్పుడూ ఇంతసేపు లేదు. ఎవరో దగ్గారు. లైట్లు చూసే అమ్మాయి నా భుజం తట్టి "చెప్పు, చెప్పు" అని సైగ చేసింది. మొదటి రెండు మాటలు నా నాలుక చివర ఉన్నాయి. ఇప్పుడు చెప్పకపోతే, ఆమె నిజంగానే మర్చిపోయి ఉంటే, అంతా పోతుంది. సస్కటూన్ కూడా. నేను స్క్రిప్టు మూసేశాను. ఆమె వీపునే చూశాను. చాలా నెమ్మదిగా, నీళ్లలో పడవలా, ఊపిరి లేచి దిగుతోంది.

పళ్లు బిగించి కూర్చున్నాను. ఇరవై. హాల్లో దగ్గులు కూడా ఆగిపోయాయి. రెండు వందల మందీ ఒక్క చొక్కాని చూస్తున్నారు. అప్పుడు ఆమె చెయ్యి పక్కనున్న త్సింబలి మీదికి వెళ్లి ఒకే ఒక్క తీగ మోగించింది. మూడో వరసలో మా అత్తగారు కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నారు. ఒక మనిషి ఏమీ అనకుండా ఇంతమందిని ఇలా పట్టుకోగలదా? అంత పెద్ద విద్యని నా జన్మలో అంత దగ్గరనుంచి చూడలేదు.

తర్వాత పావుగంటకి, వెయ్యిసార్లు పలికిన సులువైన వాక్యం మధ్యలో ఆమె ఊపిరి ఠక్కున ఆగింది. ఎవరికీ తెలియకముందే రెండు మాటలు అందించాను. అందుకుంది.

షో అయ్యాక చెమటతో తడిసిన చేతులతో నా మొహం పట్టుకుంది. "ఆ చొక్కా దగ్గర నువ్వు మాట్లాడకపోవడం నాకు వినిపించింది. దాని మీద నిలబడ్డాను." తల ఊపాను.

కారులో అత్తగారు సీటు బెల్టు పెట్టుకున్నారు. "ఆవిడ ఆగిపోయినప్పుడు నా గుండె ఆగినంత పనైందే. నువ్వెక్కడా కనపడలేదేం?" అన్నారు. "అక్కడే ఉన్నానత్తయ్యా," అన్నాను.

ఇంటికి వెళ్లేసరికి ఇంకా వెలుగుంది. కిరీటి సోఫాలో ఫోను చూస్తున్నాడు. "అయిపోయిందా నీ డ్రామా? బాగా జరిగిందా? గుడ్. సస్కటూన్ సంగతి ఆవిడకి నేను పొలైట్‌గా మెయిల్ పెట్టేస్తాలే. ఫ్యామిలీ రీజన్స్ అంటే అర్థం చేసుకుంటారు."

"పెట్టకండి. ఏప్రిల్ పదకొండున వెళ్తున్నాను. మే రెండున వస్తాను."

కిరీటి ఫోను పక్కన పెట్టాడు. అత్తగారు కోటు సగం విప్పి నిలబడిపోయారు. ఇద్దరూ ఎదురుచూస్తున్నారు. నేను ఏదైనా అడిగిన ప్రతిసారీ తర్వాత వచ్చే మాటలు వాళ్లకి తెలుసు: ఫ్రీజర్లో కూరలు పెట్టి వెళ్తాను, అత్తయ్య మందులు డబ్బాల్లో సర్దుతాను, మీకు ఇబ్బందైతే మానేస్తాను. అవన్నీ నా నాలుక చివరే ఉన్నాయి. రెండు సెకన్లు దాటాయి. అయిదు దాటాయి. నా ఊపిరి హాయిగా లేచి దిగుతోంది. మాట మర్చిపోయానేమోనని కిరీటి నా మొహంలోకి చూశాడు.