అక్షరాల్లో లేని మాట

మా తమ్ముడు ఎల్బర్ట్ మూకీ సినిమాల్లో చచ్చిపోతూ బతికాడు. హీరో గుర్రం మీంచి తోసేస్తే చచ్చేవాడు. సారాకొట్టు కొట్లాటలో కుర్చీ నెత్తిన పడితే చచ్చేవాడు. ప్రకటనల్లో వాడి పేరు అందరికంటే కింద, చోటు మిగిలితే ఉండేది. లాస్ ఏంజెలెస్‌లో అలాంటివాళ్ళు వీధికి పదిమంది.

నేను చెవిటి పిల్లల బడిలో టీచర్ని. పెదవుల కదలికను బట్టి మాట పట్టుకోవడం నేర్పుతాను. అందుకే ఎల్బర్ట్ ప్రతి సినిమాలోనూ నాకోసం ఏదో ఒకటి అనేవాడు. శబ్దం ఎలాగూ రాదు. నటులు నోటికొచ్చింది అనేవారు, తర్వాత తెరమీద అక్షరాలు వేరే వేసేవారు. "కరుణించండి దొరా!" అని అక్షరాలు పడితే, వాడి పెదవుల మీద "అక్కా, ఈ మీసం జిగురు కంపు కొట్టి చస్తున్నానే" అని ఉండేది. పక్కవాళ్ళు కళ్ళు తుడుచుకుంటుంటే నేను నవ్వాపుకోలేకపోయేదాన్ని.

"పంతులమ్మా, ఈసారి నదిలో చస్తున్నా. నడుముకి తాడు కడతార్లే" అన్నాడు ఫిబ్రవరిలో.

"ఒక్కసారైనా బతికే వేషం అడగరాదట్రా?"

"బతికే వేషాలకి దవడ బాగుండాలే!"

నదిలో నిజంగానే పోయాడు. దర్శకుడు క్రాండల్ శవపేటిక పక్కన టోపీ తీసి నిలబడి, "చివరిదాకా నటిస్తూనే ఉన్నాడమ్మా. ఆపదలో ఉన్నాడని మాకెవరికీ తెలియలేదు. ఒక్కమాటా అనలేదు" అన్నాడు. నేను నమ్మాను.

మేలో సినిమా వచ్చింది. ఆ దృశ్యాన్ని తీసెయ్యలేదు. వరదనీళ్ళలో మునుగుతూ తేలుతూ, నేరుగా కెమెరావైపు చూస్తూ వాడు అన్నాడు: "తాడు తెగింది. ఆపండి. క్రాండల్, ఆపండి."

వెంటనే అక్షరాలు పడ్డాయి: "నన్ను పట్టే మగాడు ఇంకా పుట్టలేదు!"

హాలంతా చప్పట్లు.

మర్నాడు క్రాండల్ ఆఫీసుకి వెళ్ళాను.

"తాడు తెగిందని చెప్పాడు. మిమ్మల్ని పేరు పెట్టి పిలిచాడు."

"ఆ హోరులో ఎవరికి వినపడుతుందమ్మా?"

"తర్వాత తెరమీద చూశారు కదా. అప్పుడైనా కనపడలేదా?"

"సినిమాకి ప్రాణమే ఆ దృశ్యం. తీసేస్తే ఇంకేముంది?"

"తీసెయ్యమనడం లేదు. వాడన్నమాట వెయ్యండి."

"టీచరమ్మా, మీరు దుఃఖంలో ఉన్నారు. పెదవులు చూసి ఎవరికి తోచింది వాళ్ళు చదువుకుంటారు. కావాలంటే మొదట్లో నల్ల అంచు కట్టి వాడి పేరు వేయిస్తాను. పెద్దక్షరాల్లో!"

బతికుండగా చిన్నక్షరాలకే సరిగా నోచుకోని పేరు. నేను అరవలేదు. "మీకు చదవడం రాకపోతే నేను చదువుతాను" అని లేచి వచ్చేశాను.

శనివారం మధ్యాహ్నం ఆట. నది కనపడగానే నా సీట్లోంచి లేచాను.

"తాడు తెగింది! ఆపండి! క్రాండల్, ఆపండి!"

మా పిల్లలకి వినపడదు గనక బడిలో నేనెప్పుడూ గొంతు పెంచను. అంత గొంతు నాలో ఉందని నాకే తెలియదు.

"కూచోవమ్మా, వెనకున్నవాళ్ళకి కనపడొద్దూ?"

"ఈవిడకి పిచ్చెక్కింది, బయటికి లాగండ్రా!"

టిక్కెట్లు చింపేవాడు వచ్చి నా మోచెయ్యి పట్టుకున్నాడు. "గొడవ చెయ్యకండి మేడమ్. అది ఉత్త సినిమా."

"అది మా తమ్ముడు. మునిగిపోతున్నాడు. అది నటన కాదు. వాడి నోరు చూడండి."

ఎవరో ఈల వేశారు. తెర పక్కన సినిమాకి పియానో వాయించేవాడు వాయిస్తూనే ఉన్నాడు. చప్పట్లు మొదలయ్యాయి గానీ, ఈసారి కాస్త పలచగా. పక్క వరసలో వేరుశెనక్కాయలు తింటున్న ఒక లావుపాటి ఆవిడ నమలడం ఆపింది.

"ఏమన్నాడూ? మళ్ళీ చెప్పు."

తలుపుదాకా ఈడ్చుకుపోతుంటే మళ్ళీ చెప్పాను, ఒక్కొక్క మాటా విడదీసి. ఆవిడ తెరవైపు తిరిగింది. పొట్లం ఒళ్ళోంచి జారింది.

తలుపు మూసేశారు. ఆ సినిమా ఊళ్ళో ఇంకో రెండు హాళ్ళలో ఆడుతోంది. టోపీ సరిచేసుకుని ట్రామ్ ఎక్కాను.