శ్రీపర్రు చెరువుకి వెళ్ళిన వారంటు

పదకొండు నెలలుగా శ్యామ్ సుందర్ కూతురి భరణం కట్టడం లేదు. నెలకు ఎనిమిది వేలు ఇవ్వమని ఏలూరు ఫ్యామిలీ కోర్టు చెప్పాక మూడు నెలలు కట్టి మానేశాడు. విడిగా ఉంటున్న అతని భార్య ప్రసన్నకుమారి వాయిదా వాయిదాకీ తాడేపల్లిగూడెంలో బస్సెక్కి వెళ్ళి వస్తూనే ఉంది. ఉల్లిపాయల కమీషన్ కొట్లో బిల్లులు రాసే ఉద్యోగం ఆమెది. రాని రోజుకి జీతం ఉండదు. అతను మాత్రం కోర్టు గుమ్మం తొక్కకుండా వకీలు చేత ఒకటే మాట చెప్పించేవాడు: చేపల చెరువులు తనవి కావు, తను గట్టు మీద కాపలా మనిషి.

చివరికి జడ్జిగారు వారంటు ఇచ్చారు. మనిషి దొరకలేదని అదీ రెండుసార్లు తిరిగొచ్చింది.

"ఎక్కడుంటాడో మనమే చూపించాలమ్మా," అన్నారు ఆమె వకీలు రాజరత్నంగారు.

ఆ ఆదివారం చర్చి నుంచి వస్తుంటే ఫోను మోగింది. అత్తగారు దానమ్మ. విడిపోయిన నాలుగేళ్ళలో ఆవిడ ఫోను చేయడం అదే మొదలు.

"అమ్మాయ్, మంగళవారం పొద్దున్నే శ్రీపర్రు చెరువులో చేపల పట్టుబడి. వాడు దగ్గరుండి వల లాగిస్తాడు."

ప్రసన్న రోడ్డు పక్కన ఆగింది. "మీ అబ్బాయి కదండీ, అత్తయ్యగారూ..."

"కొడుకే. మొన్న కొత్త బండి కొన్నాడు. పిల్ల ట్యూషను మానేసిందని పాస్టరమ్మగారు చెప్పారు. అప్పట్నుంచీ నాకు ముద్ద దిగట్లేదు."

మంగళవారం ఎనిమిది గంటలకి వారంటు పట్టుకున్న కానిస్టేబుల్ నరసరాజుతో పాటు ప్రసన్న చెరువు గట్టు మీద పోలీసు జీపు దిగింది. ఐసు నింపిన లారీ ఆగి ఉంది. నడుంలోతు నీళ్ళలో కూలీలు వల దగ్గరికి లాగుతుంటే చేపలు ఎగిరెగిరి పడుతున్నాయి. తెల్లచొక్కా వేసుకుని, కాటా పక్కన కుర్చీలో శ్యామ్ సుందర్.

భార్యని చూసి లేచాడు. నరసరాజు చూపిన కాగితం చూశాక గొంతు తగ్గించాడు. "నేను కాపలా వాణ్ణండీ. చెరువు ఎవరిదో నాకు తెలీదు."

సరిగ్గా అప్పుడే చేపలు కొనే సత్తిరాజు లారీ వెనక నుంచి కేకేశాడు. "ఏవండీ శ్యామ్ గారూ! డబ్బు మొత్తం మీ ఖాతాలోనే వేసెయ్యమంటారా? పోయినసారి లాగానే?"

వల లాగుతున్న కూలీ ఒకడు ఫక్కున నవ్వాడు. నరసరాజు మాత్రం నవ్వలేదు. "వేయించుకోండి. వేయించుకుని జీపెక్కండి, కోర్టుకి టైమవుతోంది," అన్నాడు.

పోలీసు జీపులో అతన్ని తీసుకెళ్తుంటే, సంతోషం కలుగుతుందనుకున్న ప్రసన్నకి అలాంటిదేమీ కలగలేదు. అతని చెప్పులకి అంటిన బురద చూసి ఒక్క క్షణం జాలేసింది. మరుక్షణం కూతురు క్రిస్టినా పాత స్కూలు బూట్లు గుర్తొచ్చి ఆ జాలి కాస్తా పోయింది.

జడ్జిగారు ఎక్కువ మాట్లాడలేదు. బాకీ కడతారా, నెల రోజులు జైలుకి వెళ్తారా అని అడిగారు. మధ్యాహ్నం భోజనాల వేళకి ఎనభై ఎనిమిది వేలు ప్రసన్న ఖాతాలో పడ్డాయి. ఇక ప్రతి నెలా అయిదో తారీకులోగా వేస్తానని అతను సంతకం పెట్టాడు. పెడుతూ ఆమె వైపు చూడలేదు.

బయటికొచ్చాక ఆమె కోర్టు ఎదురుగా ఉన్న హోటల్లో కూర్చుని భోజనం చెప్పింది. సాంబారు అన్నం, పెరుగు అన్నం, అన్నీ తింది. అంతకుముందు వాయిదాకి వచ్చిన ఏ రోజూ ఆమెకి ఏలూరులో ఆకలి వెయ్యలేదు.

చెయ్యి కడుక్కుని దానమ్మకి ఫోను చేసింది.

"వాడు ఫోన్లో నా మీద విరుచుకుపడ్డాడులే," అంది ఆవిడ. "ఆకలేస్తే వాడే ఇంటికొస్తాడు. నువ్వు శనివారం పిల్లని పంపు. కొరమేను పులుసు పెడతాను."

"నేనూ వస్తానండీ," అంది ప్రసన్న.