ఎడ్విన్ రాసిన రెండో బాణీ

కుర్ర దర్శకుడు రోడ్రిక్ వేన్ తన సినిమా చివరి రీలు వేసి చూపించేసరికి సంగీత దర్శకుడు ఎడ్విన్ థ్రస్సెల్‌కి ఒళ్లు మండిపోయింది. తెర మీద ఒక జాలరి పెళ్లాం రేవు గోడ దగ్గర నిలబడి, తిరిగిరాని పడవ కోసం చూస్తోంది. సంగీతం ఇంకా తయారు కాలేదు కనక, దాని వెనక తాత్కాలికంగా ఏదో అతికించారు. ఆ ఏదో మరేం కాదు, ఇరవై రెండేళ్ల కిందట ఎడ్విన్ వేరే కంపెనీకి రాసిచ్చిన సముద్రం బాణీ.

“అచ్చం ఇలాంటిదే కావాలండీ,” అన్నాడు రోడ్రిక్, టీ ఊదుకుంటూ. “కాకపోతే ఇది కాకూడదు. హక్కులు ఆ కంపెనీవి కదా, లాయర్లు మీద పడతారు.”

“అంటే నన్ను నేనే కాపీ కొట్టాలి, దొరక్కుండా.”

“భలే చెప్పారు! అదేనండీ.”

వెటకారం కూడా తెలియని మనిషితో ఏం పోట్లాడతాం? ఎడ్విన్ లేచి, సినిమా ఆఫీసులుండే వార్డోర్ వీధిలోకి వచ్చిపడ్డాడు.

అసలు ఆ బాణీ అతన్ని వదిలిందెప్పుడు కనక! పబ్బులో బీరు గ్లాసు పట్టుకుంటే చాలు, పక్కవాడు అదే కూనిరాగం తీస్తాడు. మేనకోడలి పెళ్లికి వెళితే, చర్చిలో ఆర్గన్ వాయించే ముసలాయన అదే వాయించి, పైగా కన్ను గీటాడు. ఆ బాణీ తర్వాత ఎడ్విన్ ముప్పై సినిమాలకు రాశాడు. ఒక్కటీ ఎవరికీ గుర్తులేదు. ఇప్పుడు అరవై నాలుగేళ్లు. ఇదే చివరి సినిమా అని భార్య ఐవీకి మాటిచ్చాడు. ఈ సినిమాతోనైనా ఇంకొక్క బాణీ జనం నోట పడాలని అతని ఆశ. పైకి చెప్పుకోవడానికి సిగ్గుపడేంత ఆశ.

అందుకే ఆ సన్నివేశానికి రెండు రాశాడు. అడిగింది మూడు రోజుల్లో అయిపోయింది. పాతదాన్నే అటూ ఇటూ తిప్పి, నాలుగు మలుపులు మార్చాడు, అంతే. తన కోసం రాసుకున్న రెండోదానికి మాత్రం ఆరు వారాలు పట్టింది.

రికార్డింగు రోజున మొదటిది చకచకా ముగిసింది. టీ విరామం తర్వాత ఎడ్విన్ తనే వాద్యగాళ్ల స్టాండు స్టాండు దగ్గరికీ వెళ్లి కొత్త స్వరాల కాగితాలు పెట్టాడు. మొదటి వయొలిన్ వాయించే సిరిల్ హాబ్‌డే, సముద్రం బాణీ రికార్డింగు నాడు కూడా అదే కుర్చీలో కూర్చున్నవాడు, కళ్లజోడు పైకెత్తి చూశాడు.

“ఏమిటోయ్ ఇది? లిస్టులో లేదే.”

“లేదు. వాయించు.”

“దొంగసరుకా? అయితే శ్రద్ధగా వాయించాలి.”

డెబ్బై మంది, అంతకుముందు ఒక్క స్వరం చూడనివాళ్లు, మొదటిసారే తప్పు లేకుండా వాయించారు. చివరి స్వరం ఆగాక ఒక్కొక్కరే వయొలిన్ కమానుతో స్టాండు మీద తట్టడం మొదలుపెట్టారు. రోజుకు రెండు సినిమాలు వాయించే ఆ జనం అలా మెచ్చుకోవడం ఎడ్విన్ ఎన్నేళ్లుగానో వినలేదు.

“ముసలి వెధవా, ఇంత సరుకు దాచుకుని ఇన్నాళ్లూ మా చేత ఆ చెత్త వాయింపించావా!” అన్నాడు సిరిల్.

రికార్డింగు యంత్రాలున్న అద్దాల గదిలోంచి రోడ్రిక్ వచ్చాడు. ఎడ్విన్ గొడవకు సిద్ధమయ్యాడు. వారం రోజులుగా మాటలు కూర్చుకుంటున్నాడు కూడా. అవేవీ అక్కర్లేకపోయాయి.

“రెండూ బొమ్మతో కలిపి చూద్దామండీ. ఏది ఉంచాలో మీరే చెప్పండి. మీ మాటే ఖాయం.”

ఎడ్విన్ గెలిచేశాననుకున్నాడు.

ముందు రెండోది వేశారు. బాణీ ఎంత బాగుందో! ప్రతి మలుపూ అతనికి ముద్దొచ్చింది. తర్వాత మొదటిది వేశారు. జాలరి పెళ్లాం చెయ్యి రేవు గోడ రాయిని పట్టుకుని ఉంది. వేళ్లు తెల్లబడ్డాయి. ఆ వేళ్లు ఇందాక కూడా తెర మీదే ఉన్నాయి, అతనికే కనబడలేదు. ముప్పై ఏళ్లుగా బొమ్మకు సంగీతం కట్టిన మనిషి. ఇంకెవరికైనా అబద్ధం చెప్పగలడు కానీ తన చెవికి చెప్పలేడు.

“మొదటిది,” అన్నాడు.

సిరిల్ దిగ్గున లేచాడు. “మతి పోయిందా నీకు? ఆ అతుకుల బొంతా?”

“రెండోది వాయిస్తున్నంతసేపూ ఆ అమ్మాయి కనబడలేదు సిరిల్. నేనే కనబడ్డాను.”

రోడ్రిక్ వచ్చి ఎడ్విన్ రెండు చేతులూ పట్టుకున్నాడు. “నాకు ముందే తెలుసండీ. మీరు అలాగే రాయాలి, ఇంకోలా రాయకూడదు.”

ఎడ్విన్ చేతులు విడిపించుకోలేదు. తనని ఆ బాణీలో బంధించింది దర్శకులనీ, కంపెనీలనీ, పబ్బులో తాగుబోతులనీ ఇరవై రెండేళ్లు తిట్టుకున్నాడు. ఇవాళ దాన్నే ఎంచుకున్నది తను. ఇక తిట్టడానికి ఎవరూ మిగల్లేదు.