ఎడమ వైపు ముక్కుపుడక

హాలు నిండా మంగ బొమ్మలే, మంగ తనను తాను వేసుకున్న బొమ్మలే, గోడ ఎక్కడ అయిపోతుందో కనపడదు, బొమ్మలు మాత్రం అయిపోవు, వాటి మధ్య సున్నం బకెట్టు పట్టుకుని మంగ నడుస్తోంది. రేపటి ప్రదర్శన ఇప్పుడే మొదలైపోయిందా ఏమిటి? జనం చూస్తుండగా తన ముఖాలన్నిటికీ తనే సున్నం కొట్టేసి, "నేనెవరో ఇక కొత్తగా వెతుక్కుంటాను" అనాలి. కుంచె ముంచి మొదటి బొమ్మ మీదికి ఎత్తుతుంది. బొమ్మ తుమ్ముతుంది!

"ఆగవే తల్లీ! ముక్కులోకి పోతోంది!"

ఆ గొంతు అలివేలుది. అలివేలుమంగ పేరును రెండు ముక్కలు చేసి కవలలకు పెట్టుకుంది వాళ్ళమ్మ. ముందు పుట్టిన అలివేలు డెంగీ జ్వరంతో పోయి ఆరేళ్ళయింది. ఆ పోయిన మనిషి పరికిణీ ఎత్తిపట్టుకుని, అరుగు దిగినంత తేలిగ్గా బొమ్మలోంచి దిగి వస్తోంది.

"నువ్వు... నువ్వు చచ్చిపోయావు కదే!"

"ఆ సంగతి నాకు తెలీదేంటి? పలకరింపు ఇదేనా?"

చూస్తుండగానే హాలు కంసాలి అరుగైపోతుంది, ఇద్దరూ గౌన్లేసుకున్న పిల్లలై పక్కపక్కన కూర్చుని ఉన్నారు, పైనుంచి అమ్మ గొంతు వినపడుతోంది. "ఒకదానికే రెండుసార్లు పాలు పట్టి రెండోదాన్ని ఏడిపించాను ఆచారిగారూ, ఆనవాలు ఉండాలి. పెద్దదానికి ముక్కు ఎడమ వైపు కుట్టండి, చిన్నదానికి కుడి వైపు."

"నా బొమ్మ ఒక్కటి వెయ్యవే అంటే," అలివేలు ముక్కు రుద్దుకుంటూ అంటుంది, "నన్ను నేను వేసుకుంటే నిన్ను వేసినట్టేగా అని నవ్వేదానివి."

"నువ్వు పోయాక వేద్దామనే కూర్చున్నా. చెయ్యి కదిలితే ఒట్టు. ఒక్కటంటే ఒక్కటి వెయ్యలేకపోయానక్కా." మంగకు ఏడుపు తన్నుకొస్తోంది.

"ఓసి పిచ్చి మొహమా! నీ బొమ్మలు అద్దంలో చూసే వేశావా?"

"ఆఁ."

"అద్దంలో కుడివైపున్నది ఎడమకు పోదూ? నీ ముక్కుపుడక ఎటు పెట్టావో చూసుకున్నావా?" అలివేలు బకెట్టు లాక్కుంటోంది. "రేపు ఎవరి మొహానికి సున్నం కొడతావే?"

మంగ ఉలిక్కిపడి లేచింది. తెల్లారిపోయింది. వ్యాను కోసం సర్దిన బొమ్మలు గోడకు ఆనుకుని ఉన్నాయి, తలుపు దగ్గర సున్నం బకెట్టు ఉంది. చెయ్యి దానంతటదే ముక్కు మీదికి పోయింది. పుడక కుడి వైపే ఉంది. బొమ్మల్లో, ఏ ఒక్కదాంట్లోనో కాదు, అన్నిట్లోనూ ఎడమ వైపు ఉంది. "అమ్మో!" అనుకుంది. ఇన్నేళ్ళూ తన కుంచెతో తను గీసిందే, ఒక్కనాడూ కంటికి ఆనలేదు.

ఫోను మోగింది, గ్యాలరీ మేనేజరు.

"మేడమ్, సున్నం ఇంకో బకెట్టు కలిపించమంటారా?"

"వద్దండీ," అంది మంగ. "మా అక్క వచ్చింది."