బల్లిని చూసుంటుంది

"రోజూ ఊళ్ళోవాళ్ళ కంప్యూటర్లన్నీ బాగుచేస్తావు కదా, మనింట్లో దానికి ఓ అరగంట పెట్టలేవా?" అన్నాడు మొగుడు, జుట్టు కత్తిరించుకోవడానికి బయల్దేరుతూ. ఆ రోజు ఆదివారం, సాయంత్రం నాలుగింటికి జట్టు పోటీ ఉందట. వారం నుంచీ ఆట మధ్యలో బొమ్మ ఆగి ఆగి కదులుతోందట. ఎదుటివాడు కాల్చేసి వెళ్ళిపోయాక గానీ తనకి కనిపించడం లేదట.

ఆమె ఉద్యోగం అదే. కంప్యూటర్ మొరాయించినవాళ్ళు ఫోన్ చేస్తే, చెవులకి హెడ్‌సెట్ తగిలించుకుని రోజుకి అరవై మందికి "కిందికి దించండి సార్, అక్కడ ఒక మీట కనిపిస్తుంది" అని చెప్పడం. అరవైలో పదిమందైనా "కాస్త మగవాళ్ళెవరికైనా ఇవ్వమ్మా ఫోను" అంటారు. మొగుడు అంతమాట అనడు. "మీది రాసిచ్చింది చదవడమే కదా, ఇది గేమింగ్ మిషన్, దీని సంగతి వేరు" అంటాడు. పెరటి చెట్టు వైద్యానికి పనికిరాదని సామెత. రిపేరు షాపువాడు మంగళవారం దాకా కుదరదనేసరికి పెరటి చెట్టు వైద్యానికి పనికొచ్చింది.

బట్టలు ఆరేసి, కూర సన్న సెగ మీద పెట్టి, అత్తయ్యకి మధ్యాహ్నం మాత్రలు ఇచ్చి వచ్చి ఆ కుర్చీలో కూర్చుంది. వారం వారం దుమ్ము తుడవడమే గానీ ఆ కుర్చీలో ఆమె ఎప్పుడూ కూర్చోలేదు. వీపుకి మెత్తగా, మెడకి దిండుతో, బాగానే ఉంది. గోడకి అవతల బాత్రూమ్. కొళాయి చుక్క పడే చప్పుడు కూడా వినబడుతోంది. ఆ గోడ వైపు చూడకుండా ఉండటం ఆమెకి ఎనిమిది నెలలుగా అలవాటే.

రోగం ఐదు నిమిషాల్లో దొరికింది. ఆడుతున్నంతసేపూ ఆ మిషన్ చప్పుడు చెయ్యకుండా వెనకాల రికార్డు చేసుకుంటూ ఉంటుంది. ఆట అయ్యాక ఓ మీట నొక్కితే, అప్పటికి గడిచిన పది నిమిషాల్నీ ఫైలుగా దాచిపెడుతుంది. నొక్కకపోతే వదిలేస్తుంది. మొగుడు గెలిచినా నొక్కుతాడు, ఓడినా నొక్కుతాడు. గెలిస్తే గొప్ప కోసం, ఓడితే తప్పెవరిదో తేల్చడం కోసం. దాచినవన్నీ పేరుకుపోయి చోటు నిండిపోయింది. ఆపైన కొత్తవి రాయలేక మిషన్ ఆయాసపడుతోంది. సెట్టింగ్స్‌లో ఆ రికార్డింగ్ ఆపేసి, పాతవి తీసేస్తే చాలు.

తీసేసేముందు అడగడం పద్ధతి కాబట్టి ఫోన్ చేసింది.

"అన్నీ తీసెయ్యకు! గెలిచినవి ఉంచు, ఓడినవి తీసెయ్" అన్నాడు.

"అన్నీ నేనే చూడాలా? మొత్తం నలభై రెండున్నాయండీ."

"చివర్లో చూస్తే పెద్ద అక్షరాలతో పడుతుందే. ఆ మాత్రం చూసి చెప్పలేవా? ఉంటా, కత్తెర చెవి దగ్గరుంది."

సరే, అదీ ఒక చాకిరీ. ఒక్కో ఫైలూ తెరిచి, చివరికి జరిపి, తీసెయ్యడమో ఉంచడమో. తుపాకుల మోత వెనకే మొగుడి కేకలు, జట్టువాళ్ళ కేకలు. మైకు కూడా రికార్డవుతోందన్నమాట. నాలుగో ఫైల్లో ఎక్కడి నుంచో "ఏవండీ, భోజనానికి రండి" అని వినబడి ఉలిక్కిపడింది. తన గొంతే. ఇంకోదాన్లో గిన్నెలు తోముతున్న చప్పుడు. ఇంకోదాన్లో "తువ్వాలు మంచం మీదే వదిలేశారు" అని సణుగుడు. నవ్వొచ్చింది. మొగుడి వీరగాథలన్నిట్లోనూ తానూ ఉంది, గిన్నెలతో సహా.

ఇరవై ఆరో ఫైలు మీద తేదీ చూసి ఆమె చెయ్యి ఆగిపోయింది.

ఆ తేదీ మర్చిపోయేది కాదు. అప్పటికి ఆమెకి ఐదో నెల. ఆ ఆదివారం ఉదయం అత్తయ్య కూతురింటికి వెళ్ళింది. బాత్రూమ్‌లో ఆమెకి ఉన్నట్టుండి నొప్పి, ఆ తర్వాత రక్తం. లేవలేకపోయింది. మొగుడు గోడకి ఇవతల ఆటలో ఉన్నాడు. ఆట అయ్యాక వచ్చి తలుపు తీసి చూసి, "అయ్యో, ఎంతసేపైందే ఇలాగ?" అని ఒణికిపోయాడు. ఆస్పత్రిలో డాక్టరమ్మ ఇక బిడ్డ లేదని చెప్పింది. ఇంకాస్త ముందొస్తే బతికేదా అని అడిగితే "చెప్పలేమమ్మా" అంది. ఆ 'చెప్పలేం' అనే మాట మీదే ఆమె ఎనిమిది నెలలుగా పడుకుని లేస్తోంది.

"హెడ్‌సెట్ పెట్టుకుంటే బాంబు పడ్డా వినబడదు నాకు, నీకు తెలుసుగా. కాస్త గట్టిగా పిలవాల్సింది" అన్నాడు మొగుడు, ఆస్పత్రి మంచం పక్కన కూర్చుని, ఏడుస్తూనే. అత్తయ్య అయితే చూడ్డానికొచ్చిన ప్రతివాళ్ళకీ చెప్పింది. "చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టే కదమ్మా, పాపం వాడేం చేస్తాడు? ఈ పిల్లకి మొదట్నుంచీ పీలగొంతు. నోట్లో నాలుకే లేదు." వినగా వినగా ఆమెకీ అలాగే గుర్తుండిపోయింది. ఒకసారి పిలిచిందేమో. అదీ నసిగినట్టు పిలిచిందేమో. నా గొంతే నా బిడ్డని మింగింది అనుకుంది. అప్పట్నుంచీ ఆఫీసులో ఎంత గట్టిగా మాట్లాడుతోందంటే, సూపర్‌వైజర్ రెండుసార్లు పిలిచి "మేడమ్, కస్టమర్లకి చెవుడు లేదు, కాస్త తగ్గించండి" అన్నాడు. తగ్గించలేకపోయింది. ఎవరికైనా వినబడకపోతే అన్న భయం.

ఫైలు తెరిచింది. చివరికి జరపలేదు. మొదట్నుంచీ పెట్టింది.

రెండో నిమిషంలో వినబడింది. "ఏవండీ." నసుగుడు కాదు. రోజూ భోజనానికి పిలిచే గొంతే. నాలుగో నిమిషంలో "ఏవండీ, ఒకసారి రండి!" ఐదో నిమిషంలో అరుపు. అలాంటి అరుపు తన గొంతులోంచి వచ్చిందని ఆమెకే తెలియదు. తుపాకుల మోతని చీల్చుకుని వచ్చింది.

"ఒరేయ్, మీ ఆవిడ పిలుస్తోందిరా" అన్నాడు జట్టులో ఒకడు. వాణ్ణి అందరూ గెద్ద అంటారు, దూరం నుంచి గురిపెడతాడని. వాడు ఊరికి ఆ చివర తనింట్లో కూర్చుని ఆడుతున్నాడు. వాడికి వినబడింది.

"ఆఁ, వింటున్నా" అన్నాడు మొగుడు. "బల్లిని చూసుంటుంది. నువ్వు ఎడమ పక్క చూడు ముందు."

"వదినకేమన్నా అయిందేమో, వెళ్ళి చూసి రారా. నేను చూసుకుంటాగా ఇక్కడ."

"ఇప్పుడు లేస్తే ఓడిపోతాంరా. రెండు నిమిషాలు."

ఏడో నిమిషంలో మరోసారి పిలిచింది. ఈసారి ఎవరూ ఏమీ అనలేదు. తొమ్మిదో నిమిషంలో తెరంతా బంగారు రంగు అక్షరాలు, ఈలలు, అరుపులు. మొగుడు కుర్చీ మీద చరుస్తున్న చప్పుడు. తర్వాత మీట నొక్కిన టక్కు. తనే దాచుకున్నాడు. గెలిచాడు కదా.

నాలుగుసార్లు. ఆమె నాలుగుసార్లు పిలిచింది. ఆస్పత్రి నుంచి వచ్చాక గెద్ద చూడ్డానికొచ్చి, కాఫీ ముట్టకుండా, ఆమె మొహం చూడకుండా నేల చూపులు చూస్తూ కూర్చుని వెళ్ళిపోవడం గుర్తొచ్చింది. పాపం, సిగ్గరి అనుకుంది అప్పుడు.

ఈ ఫైలు ఎవరికి వినిపించాలి? అత్తయ్యకా? వింటుంది, విని కళ్ళు తుడుచుకుని, "వాడికి ఇంత అని తెలిస్తే రాడా అమ్మా, అయిపోయినదాన్ని ఎందుకు తవ్వడం" అంటుంది. అమ్మకా? "మగపిల్లలకి ఆట పిచ్చి, ఏం చేస్తాం, ఈసారి జాగ్రత్తగా ఉండు" అంటుంది. మొగుడికా? అతనికి కొత్తగా తెలిసేదేముంది? విన్నాడు. వింటున్నానని తన నోటితోనే అన్నాడు. అయినా ఎనిమిది నెలలు ఆమె కళ్ళలోకి చూసి 'నువ్వు గట్టిగా పిలవాల్సింది' అంటూ వచ్చాడు. ఆమె ఆ మాటకి తల ఊపుతూ వచ్చింది. క్షమించమని కూడా అడిగింది ఒకసారి, మెట్ల మీద. అతను క్షమించాడు కూడా.

ఏడుపు రాలేదు. కూర మాడుతున్న వాసన వచ్చింది. వెళ్ళి స్టవ్ ఆపేసి వచ్చింది. నలభై ఒక్క ఫైళ్ళూ తీసేసింది, గెలిచినవీ ఓడినవీ. ఆ ఒక్కదాన్నీ ఉంచింది. తర్వాత సెట్టింగ్స్‌లోకి వెళ్ళి వెనకాల రికార్డింగ్ ఆపేసింది.

నాలుగింటికి ముందే మొగుడు వచ్చాడు, మెడ మీద పౌడరుతో.

"అయిందా?"

"అయింది."

కూర్చుని మౌస్ తిప్పి చూశాడు. బొమ్మ నీళ్ళలా కదిలింది. "భలే! చూశావా, చెయ్యాలనుకుంటే చెయ్యగలవు" అని మెచ్చుకున్నాడు. ఫోల్డర్ తెరిచి చూడలేదు. హెడ్‌సెట్ పెట్టుకున్నాడు. మైకులో గెద్దని పలకరించాడు. ఆట మొదలైంది, తుపాకులు మోగడం మొదలైంది.

ఆమె బాత్రూమ్‌లోకి వెళ్ళి తలుపు దగ్గరగా వేసింది. ఆ రోజు కూర్చున్న చోటే నేల మీద కూర్చుంది. నేల చల్లగా ఉంది. గొంతు పెంచలేదు. ఫైల్లో రెండో నిమిషంలో పిలిచినట్టే, భోజనానికి పిలిచే గొంతుతో పిలిచింది.

"ఏవండీ."

"ఆఁ! రెండు నిమిషాలు!" అన్నాడు మొగుడు గోడ అవతల నుంచి. వెంటనే అన్నాడు.

ముందు గదిలో కునుకు తీస్తున్న అత్తయ్య లేచి, కంగారుగా వచ్చి తలుపు తోసింది. నేల మీద కోడల్ని చూసి గుండె మీద చెయ్యి వేసుకుంది. "ఏమైందమ్మా? ఎందుకు పిలిచావు?"

"ఏం లేదు అత్తయ్యా" అంది ఆమె, అదే గొంతుతో, గోడ వైపు చూస్తూ. "హెడ్‌సెట్ పెట్టుకుంటే ఆయనకి వినబడుతుందో లేదో చూద్దామని పిలిచాను. వినబడుతుంది."

గోడ అవతల మౌస్ చప్పుడు ఆగింది. "ఒరేయ్, ఏమైందిరా, ఎడమ పక్క!" అని ఎవరో అరుస్తున్నారు, హెడ్‌సెట్‌లోంచి సన్నగా. అత్తయ్య గోడ వైపు చూసింది, కోడలి వైపు చూసింది.

కాసేపటికి మౌస్ చప్పుడు మళ్ళీ మొదలైంది.