నడిముల్లు

ఊడ్చిన గదినే మరిడమ్మ మళ్లీ ఊడుస్తోంది. పదిన్నరైనా జియాలజీ చెప్పే వెంకటరాజు సారు రాలేదు. ప్రిన్సిపాల్ గదిలో మీటింగట. చీపురు గోడకు ఆనించి గుమ్మం దాకా వెళ్లింది, వరండా అటూ ఇటూ చూసింది, వచ్చి మళ్లీ చీపురు పట్టుకుంది. కొంగున కట్టుకున్న ముడి తడిమి చూసుకుంది. ఉంది.

రాజమండ్రిలోని ఆ కాలేజీలో జియాలజీ చదివే పిల్లలు కరువై కోర్సు ఎత్తేశారు. రేపు వ్యాను వస్తుంది. అరల్లోని రాళ్లలో విలువైనవి యూనివర్సిటీకి, రాయిగా మారిన చేపలూ గుల్లలూ మెట్లకింది స్టోరు గదిలోకి. గదే లేనప్పుడు ఊడ్చే మనిషెందుకు? మరిడమ్మ పనికీ ఇవాళే ఆఖరు. దానికి ఆమె పెద్దగా బెంగపడలేదు. గుబులంతా మూడో అరలోని రాయి గురించే.

నల్లగా, గుండ్రంగా, కొబ్బరిచిప్పంత ఉంటుంది. మెట్టవైపు క్వారీలో దొరికిందట. దాని ముందు చీటీలో 'చేప ఎముక' అని ఉందని ఆమెకు మొదట్లో పిల్లలు చదివి చెప్పారు. మరిడమ్మ కొవ్వూరు రేవులో ఇరవయ్యేళ్లు కత్తిపీట ముందు కూర్చున్న మనిషి. అక్షరం రాదు గానీ, ఆమె బొటనవేలికి తెలియని ముల్లు గోదావరిలో లేదు. పనిలో చేరిన కొత్తలోనే, దుమ్ము తుడుస్తూ ఆ రాయిమీద వేలు పెట్టి ఉలిక్కిపడింది.

"చేపకి ఎముకేంటండి?" అంది సారుతో.

సారు నవ్వాడు. మంచివాడే, వినే ఓపికే తక్కువ. రేవులో చేపకుండేదాన్ని ముల్లంటారు కదా, మాట దిద్దుతోందనుకున్నాడు. మర్నాడు అరకు కొత్త చీటీ అంటించి, "నీ మాటే నెగ్గింది మరిడమ్మా. 'చేప ముల్లు' అని రాశాను" అన్నాడు.

చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టయింది. తొమ్మిదేళ్లు ఆ అబద్ధాన్ని రోజూ తుడిచి నిగనిగలాడించింది. రేపది స్టోరు గదిలోకి పోతే ఇక చెప్పేవాళ్లుండరు.

మధ్యాహ్నం క్యారియర్ విప్పి, రెండు ముద్దలు తిని మూసేసింది. మూడింటికి సారు వచ్చాడు. అతను అర తెరవకముందే ఆమె కొంగుముడి విప్పింది. ఉడకబెట్టి ఎండబెట్టిన తెల్లటి వెన్నుముల్లు, అందులో ఒక్క కణుపు.

"పండుగప్ప నడిముల్లండి. వేలెట్టండి."

సారు వేలు గుంటలోకి గోరుదాకా దిగింది.

"తిప్పండి. అటూ అంతే. మన చేపలన్నిటికీ రెండేపులా గుంటేనండి. ఇప్పుడు ఆ రాయిమీదెట్టండి."

వేలు దిగలేదు. రెండువైపులా దాదాపు చదునే.

"అడుగున చూడండి, రెండు బెజ్జాలు పక్కపక్కనే. ఇలాంటి ముల్లు నేనెప్పుడూ కొయ్యలేదండి."

సారు ఈసారి నవ్వలేదు. అట్టపెట్టెలో సర్దిన పుస్తకాల్లోంచి ఒకటి లాగి, చాలాసేపు పేజీలు తిప్పాడు.

"ఇది చేప కాదు" అన్నాడు, తనే కనిపెట్టినట్టు.

బొమ్మ చూపించాడు. పొడుగు మెడ, తెడ్లలాంటి నాలుగు కాళ్లు. "సముద్రంలో బతికిన బల్లిలాంటిదనుకో. ఇప్పుడా జాతే లేదు. మనవైపు పూర్తి ఒళ్లు దొరికినట్టు నేనైతే వినలేదు. ఇలా ముక్కలే."

"అంత మెడేసుకుని వలలో పడితే ఇరుక్కుపోద్దండి, పాపం" అంది మరిడమ్మ.

సారు కొత్త చీటీ రాశాడు. చివర్న వంకరగా ఒక గుర్తు పెట్టాడు.

"ఆ గాలం ఏంటండి?"

"గట్టిగా తెలియదని. పెద్దవాళ్లు చూసి తేల్చాలి."

"తెలీనప్పుడు తెలీదని రాయడమే నయమండి."

'గుర్తించినవారు' అన్నచోట సారు కలం ఒక్క క్షణం ఆగి, అలవాటుకొద్దీ అతని పేరే రాసింది. ఆమెకు చదవడం రాదు. రాయి యూనివర్సిటీ పెట్టెలోకి వెళ్లడం మాత్రం కళ్లారా చూసింది. పొద్దుటినుంచీ నిలవని కాళ్లు అప్పుడు నిలిచాయి.

ఐదింటికి తాళంచెవి బల్లమీద పెట్టి, "వస్తానండి" అని కొవ్వూరు బస్సుకు వెళ్లిపోయింది.

ఖాళీ అయిన మూడో అరలో, 'చేప ముల్లు' అని అంటించిన పాత చీటీ వెనక, తెల్లగా పండుగప్ప ముల్లు ఉంది.